మెమరీ కార్డులోని పరాయి సొత్తు

షాబాన్ మాసం చివరి వారంలో పర్చూరు సమీపాన ఒక పల్లెలో ఉంటున్న మా చెల్లెలి ఇంటికి వెళ్ళాము. పత్తి తీతలు ముగింపుకు వచ్చాయి. కల్లాల్లో మిరపకాయలు ఆరుతున్నాయి. మా బావ కాయలను తిరగవేస్తూ, తాలు కాయలను ఏరించి వేరే కుప్ప పోయిస్తున్నారు. మంచి కాయలో తాలు కలిపితే కాటాకు నాలుగు కిలోలు పెరుగుతాయని తెలిసినా ఆ పని చేయని రైతు ఆయన. 2021–22లో నల్ల తామర పురుగు తోటలను తుడిచిపెట్టిన ఏడు చేసిన అప్పును ఇప్పటికీ తీరుస్తూనే ఉన్నారు.

ఇంటి అరుగు మీద మా మేనల్లుడు కూర్చుని ఉన్నాడు. ఇంటర్మీడియట్ మొదటి సంవత్సరం చదువుతున్నాడు. చేతిలో అరచేయంత ఆట యంత్రం. తెర మీద ఎర్ర టోపీ మనిషి ఇటుకల మీదుగా గెంతుతున్నాడు. ఆ బొమ్మను గుర్తుపట్టని వారు అరుదు. అది జపాన్‌కు చెందిన నింటెండో సంస్థ 1985లో విడుదల చేసిన ‘సూపర్ మారియో బ్రదర్స్’. కాని ఆ యంత్రం మీద నింటెండో పేరు లేదు.

“ఇది వాళ్ళ యంత్రం కాదు కదా నాయనా, వాళ్ళ ఆట ఇందులోకి ఎలా వచ్చింది?” అని అడిగాము.

“ఇందులో అన్ని కంపెనీల ఆటలూ ఆడతాయి మామయ్యా. కార్డులో వేల ఆటలు ఉన్నాయి. అభిమానులు సొంతంగా చేసినవి కూడా ఉన్నాయి” అన్నాడు ఉత్సాహంగా. ఆ ఉత్సాహంలోనే ఒక నోటుపుస్తకం తెచ్చి చూపించాడు. అందులో స్నేహితుల పేర్లు, ప్రతి పేరుకు ఎదురుగా వంద రూపాయలు. మెమరీ కార్డు ఇస్తే ఆటలు నింపి ఇస్తాడట. ఎనిమిది నెలల్లో 4,300 రూపాయలు సంపాదించాడు. అందులో కొంత చిన్న చెల్లెలి బడి ఫీజుకు ఇచ్చాడు. దాపరికం ఏమీ లేదు. తప్పు చేస్తున్నాననే భావన ఉంటే కదా దాచడానికి!

మా చెల్లెలు వంటింటి గుమ్మంలో నిలబడి మెల్లగా అడిగింది. “అన్నయ్యా, ఈ డబ్బు మంచిదేనా? ఈసారి ఇంటిల్లిపాది ఫిత్రా తానే ఇస్తానంటున్నాడు. నాకెందుకో మనసొప్పడం లేదు.”

ఆ ప్రశ్నకు అప్పటికప్పుడు మేము జవాబు చెప్పలేకపోయాము. చదివి, పెద్దలను అడిగి, ఆలోచించిన తరువాత మాకు అర్థమైన విషయాన్ని ఈ నెల పాఠక కుటుంబాల ముందు ఉంచుతున్నాము. ఎందుకంటే ఆ యంత్రం నేడు మన ఇళ్ళలో చాలా చోట్ల ఉంది. యంత్రం లేని ఇంట్లో అదే పనిని సెల్‌ఫోను చేస్తోంది.

ముందుగా అసలు జరుగుతున్నదేమిటో తెలుసుకోవాలి. ఒక సంస్థ తయారు చేసిన ఆట ఆ సంస్థ యంత్రంలోనే ఆడేలా నిర్మితమవుతుంది. వేరొక యంత్రం ఆ మొదటి యంత్రంలా నటించేందుకు తోడ్పడే సాఫ్ట్‌వేర్‌ను ‘ఎమ్యులేటర్’ అంటారు. ఆట నిక్షిప్తమై ఉన్న చిప్పు నుండి ఆ ఆటను యథాతథంగా ఎత్తివ్రాసిన ఫైలును ‘రోమ్’ అంటారు. ఎమ్యులేటర్ ఒకటి, రోమ్ మరొకటి. ఈ రెండింటినీ కలిపి చూడటం వల్లనే చాలామంది పొరపడుతున్నారు.

2004 డిసెంబరులో సోనీ సంస్థ ‘పీఎస్పీ’ అనే చేతి యంత్రాన్ని జపాన్‌లో విడుదల చేసింది. ఏడాది తిరగకముందే ఔత్సాహికులు దాని తాళాన్ని విప్పి, పోటీ సంస్థ అయిన నింటెండో పాత ఆటలను అందులో ఆడించారు. సోనీ సాఫ్ట్‌వేర్‌ను మార్చి ఒక తలుపు మూస్తే వారు మరొకటి తెరిచేవారు. ప్రత్యర్థి యంత్రంలో పరాయి ఆట ఆడటమనే ఈ అలవాటు నేడు చౌక చైనా యంత్రాల రూపంలో మన పల్లెల దాకా వచ్చింది.

ఎమ్యులేటర్‌ను తయారు చేయడం దానంతట అదే నేరమని న్యాయస్థానాలు అనలేదు. ప్లేస్టేషన్ ఆటలను మాకింటోష్ కంప్యూటర్‌లో ఆడించే సాఫ్ట్‌వేర్‌ను కనెక్టిక్స్ అనే సంస్థ తయారు చేసినప్పుడు సోనీ దావా వేసింది. 2000లో అమెరికా అప్పీలు న్యాయస్థానం కనెక్టిక్స్ పక్షాన తీర్పు చెప్పింది. యంత్రం పనిచేసే తీరును పరిశీలించి, తన సొంత శ్రమతో మరొకటి నిర్మించడాన్ని అది తప్పుపట్టలేదు. ఇరవై నాలుగేళ్ళ తరువాత ‘యూజు’ అనే ఎమ్యులేటర్ విషయంలో కథ వేరుగా ముగిసింది. ఒక కొత్త ఆట అమ్మకానికి రాకముందే పది లక్షలకు పైగా అక్రమ ప్రతులు దిగుమతి అయ్యాయని నింటెండో తన ఫిర్యాదులో ఆరోపించింది. 2024 మార్చిలో యూజు నిర్మాతలు 24 లక్షల డాలర్లు చెల్లించడానికి అంగీకరించి, తమ పనిని మూసివేశారు. పనిముట్టు వేరు, పనిముట్టుతో చేసే పని వేరు. కొడవలి కంకినీ కోస్తుంది, పొరుగువాడి కంచెనూ కోస్తుంది.

మన దేశ చట్టం కూడా ఈ తేడాను పాటిస్తుంది. 1957 నాటి కాపీరైట్ చట్టంలోని 52వ సెక్షన్, కంప్యూటర్ ప్రోగ్రామ్ ప్రతిని న్యాయబద్ధంగా కలిగి ఉన్నవారు అది పాడైపోతుందనే భయంతో తమ కోసం అదనపు ప్రతి తీసుకోవడానికి అవకాశం ఇస్తుంది. అదే చట్టంలోని 63బి సెక్షన్, అక్రమ ప్రతి అని తెలిసీ కంప్యూటర్‌లో వాడడాన్ని శిక్షార్హం చేస్తుంది. లాభం కోసం, వ్యాపారం కోసం కాకపోతే జైలు శిక్ష లేకుండా జరిమానాతో సరిపెట్టే అధికారం న్యాయస్థానానికి ఉంది. అంటే వంద రూపాయలు తీసుకుని కార్డు నింపడం మొదలుపెట్టగానే మా మేనల్లుడు తనకు తెలియకుండానే గీత దాటి అవతలి వైపుకు వెళ్ళాడు.

చట్టం మాట అలా ఉంచితే, ధర్మం ఏమంటుంది? మన ధర్మవేత్తలలో ఈ విషయమై ఒకప్పుడు భేదాభిప్రాయం ఉండేది. చేతితో పట్టుకోలేని హక్కు సొత్తు ఎలా అవుతుందని, దానిని అమ్మడం కొనడం ఎలా చెల్లుతుందని పూర్వపు హనఫీ పండితులలో కొందరు సందేహించారు. తరువాతి తరంలో ముఫ్తీ ముహమ్మద్ తఖీ ఉస్మానీ వంటి వారు గ్రంథకర్త, ఆవిష్కర్తల హక్కుకు విలువ ఉందని నిరూపిస్తూ వ్రాశారు. 1988 డిసెంబరులో కువైట్‌లో సమావేశమైన అంతర్జాతీయ ఇస్లామిక్ ఫిఖ్హ్ అకాడమీ తన 43వ తీర్మానంలో వ్యాపార నామం, వ్యాపార చిహ్నం, రచన, ఆవిష్కరణ వంటివి వాటి యజమానులకు చెందిన హక్కులని, షరీఅత్ వాటిని రక్షిస్తుందని, వాటి మీద దౌర్జన్యం తగదని ప్రకటించింది. ఫత్వా ఇవ్వడం మా పని కాదు. కాని ఇంతటి పండిత సభ తీర్మానించిన తరువాత, అది తెలిసీ “పాతకాలంలో ఎవరో వేరుగా అన్నారు కదా” అని మనకు అనువైన మాటను వెతుక్కోవడం దైవభీతి అనిపించుకోదు.

మా మేనల్లుడు ఊరుకోలేదు. తెలివైన పిల్లవాడు. నాలుగు ప్రశ్నలు వేశాడు. ఆ నాలుగూ మన ఇళ్ళలో ప్రతి పిల్లవాడూ వేసేవే. కసురుకుని నోరు మూయించడం తేలిక. జవాబు చెప్పడం మన బాధ్యత.

మొదటి ప్రశ్న: “మామయ్యా, గొర్రెను దొంగిలిస్తే యజమానికి గొర్రె పోతుంది. ఆటను కాపీ చేస్తే వాళ్ళ ఆట వాళ్ళ దగ్గరే ఉంటుంది కదా. ఎవరికి ఏం పోయింది?”

మేము కల్లం వైపు చూపించాము. గుంటూరు సన్నం మిరపకు భౌగోళిక గుర్తింపు ఉంది. ఎక్కడో పండిన నాసి కాయను సంచులకెత్తి, వాటి మీద ‘గుంటూరు సన్నం’ అని అచ్చు వేసి అమ్మితే మీ నాన్న కల్లంలో ఒక్క కాయ కూడా తగ్గదు. ఆయన టిక్కీలు ఆయన దగ్గరే ఉంటాయి. అయినా ఆయనకు నష్టం జరగలేదా? తరాల రైతులు కష్టపడి తెచ్చిన పేరును ఎవరో ఊరికే వాడుకున్నారు. వస్తువు పోకుండానే హక్కు పోయింది. షుఐబ్ ప్రవక్త (అలైహిస్సలాం) మద్యన్ ప్రజలను హెచ్చరించినప్పుడు కొలతలు, తూకాలతో ఆగలేదు. జనానికి చెందిన దేనినీ తగ్గించి ఇవ్వవద్దన్నారని దివ్యఖుర్ఆన్ తెలుపుతోంది. కాటాలో తూగేది మాత్రమే సొత్తు కాదని గ్రహించడానికి ఆ మాట చాలదా?

మరొక కోణం కూడా ఉంది. ఒక ఆట వెనుక బొమ్మ గీసినవారు, సంగీతం కూర్చినవారు, నెలల తరబడి లెక్కలు వ్రాసినవారు ఉంటారు. అది వారి కూలి. పని పూర్తిగా చేయించుకుని కూలి ఇవ్వనివాడికి ప్రళయదినాన తానే ప్రతివాదిగా నిలుస్తానని అల్లాహ్ హెచ్చరించినట్లు దైవప్రవక్త (సల్లల్లాహు అలైహి వ సల్లం) తెలియజేశారు. పత్తి తీసిన కూలీకి సాయంత్రానికి డబ్బు ఇవ్వకుండా పంపితే మనం సహిస్తామా?

ఇక్కడ మా సంగతి కూడా చెప్పుకోవాలి. మా చిన్నతనంలో గుంటూరు పట్నం బజారులో ‘బ్రిక్ గేమ్’ అనే చిన్న యంత్రం కొన్నాము. పై నుండి పడే దిమ్మెలను వరుసగా పేర్చే ఆట. అది ‘టెట్రిస్’కు నకలని, 1984లో మాస్కోలోని సోవియట్ శాస్త్ర అకాడమీ కంప్యూటర్ కేంద్రంలో పనిచేస్తుండగా అలెక్సీ పజిత్నోవ్ దానిని సృష్టించారని పెద్దయ్యాక తెలిసింది. హక్కులు ప్రభుత్వ సంస్థ చేతిలో ఉండటంతో 1996 దాకా ఆయనకు రాయల్టీ అందలేదు. ప్రపంచమంతా ఆ ఆట ఆడుతూ ఉంటే, దానిని సృష్టించిన మనిషి పన్నెండేళ్ళు ప్రతిఫలం లేకుండా ఉన్నాడు. మేము కొన్న యంత్రం వెలలో కూడా ఆయన వాటా ఉండి ఉండదు. తెలియక చేశాము. తెలిసిన తరువాత ఇది మామూలే అని అనలేము.

రెండవ ప్రశ్న: “వాళ్ళు వేల కోట్ల కంపెనీలు. పైగా మనవాళ్ళు కూడా కాదు. నా వంద రూపాయలు వాళ్ళకొక లెక్కా?”

దీనికి జవాబు హిజ్రత్ రాత్రిలో ఉంది. మక్కా ఖురైషీలు దైవప్రవక్త (స)ను చంపడానికి కుట్ర పన్నారు. ఆ మక్కావాసుల అమానతులే ఆయన ఇంట్లో దాచి ఉన్నాయి. ప్రాణాపాయంలో ఊరు విడిచి వెళ్తూ కూడా ఆయన హజ్రత్ అలీ (రజియల్లాహు అన్హు)ను వెనుక ఉంచి, ఎవరి సొమ్ము వారికి అప్పగించి రమ్మన్నారు. సొమ్ము దాచుకున్నవాడి మతమేమిటి, వాడు మిత్రుడా శత్రువా అని చూడలేదు. యజమాని ధనికుడైనంత మాత్రాన అతని సొత్తు మనకు హలాల్ కాదు. మిరప కొనే వ్యాపారి కోటీశ్వరుడే కావచ్చు. అయినా అతని సంచిలో తాలు కలపడానికి మీ నాన్న ఒప్పుకోవడం లేదు కదా?

మూడవ ప్రశ్న కొంచెం బరువైనది: “ఈ పాత ఆటలను వాళ్ళే అమ్మడం మానేశారు. డబ్బు ఇస్తామన్నా దొరకవు. అప్పుడెలా?”

ఈ ప్రశ్నలో నిజం ఉందని ఒప్పుకోవాలి. అమెరికాలోని వీడియో గేమ్ హిస్టరీ ఫౌండేషన్ 2023లో జరిపిన అధ్యయనం ప్రకారం ఆ దేశంలో విడుదలైన పాత ఆటలలో 87 శాతం నేడు మార్కెట్‌లో దొరకడం లేదు. వాటిని భద్రపరచకపోతే ఒక తరం చేసిన పని మట్టిలో కలిసిపోతుందని అక్కడి గ్రంథాలయాలవారు బాధపడుతున్నారు. అది న్యాయమైన బాధే. అయితే దారిలో దొరికిన వస్తువు గురించి ఇస్లాం ఏమి నేర్పింది? దొరికినంత మాత్రాన అది నీదైపోదు, యజమాని కోసం చాటించమంది. అమ్మడం మానివేసిన వస్తువుకు యజమాని లేడని చెప్పలేము. కొన్ని సంస్థలు పాత ఆటలను కూర్పులుగా చేసి తిరిగి అమ్ముతున్నాయి. ముందు వెతకాలి. పాత ప్రతిని న్యాయంగా కొని, దాని నుండి మన కోసం ప్రతి తీసుకోగలిగితే మనసుకు శాంతి. అదీ కుదరకపోతే అది అనుమానాస్పద విషయం. హలాల్ స్పష్టం, హరామ్ స్పష్టం, రెండింటి మధ్య ఉన్న సందేహాల నుండి తప్పుకున్నవాడు తన ధర్మాన్ని, గౌరవాన్ని కాపాడుకున్నాడని ప్రవక్త (స) బోధించారు. ఆట లేకపోతే ఆగిపోయే జీవితం ఎవరిదీ కాదు. సందేహాన్ని వదులుకోవడానికి ఇంతకన్నా తేలికైన చోటు ఎక్కడుంది?

నాల్గవ ప్రశ్న: “ధర మరీ ఎక్కువ పెడితే పేదవాడు ఏం చేయాలి?”

ఈ ప్రశ్నకు జవాబు మా బావ చెప్పారు. తాలు కుప్ప దగ్గర నుండి లేచి వచ్చి అరుగు మీద కూర్చున్నారు. బీటీ పత్తికి 2002లో అనుమతి వచ్చింది. 450 గ్రాముల ప్యాకెట్టు వెల 1,600 రూపాయలు దాటింది. అందులో ఎక్కువ భాగం విత్తనంలోని సాంకేతికతకు వసూలు చేసిన రుసుమే. అదీ కంటికి కనిపించని హక్కే. ఆ రుసుము అన్యాయమని 2006లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం గుత్తాధిపత్య నియంత్రణ కమిషన్ ముందు మోన్‌శాంటో వర్గంపై ఫిర్యాదు చేసింది. ఆ ఏడాది ప్యాకెట్టు ధర 750 రూపాయలకు దిగింది.

“ఎక్కువ ధర అన్యాయమైతే బహిరంగంగా అడగాలిరా. మేము అడిగాము, తగ్గింది. అప్పుడే ఇంకొందరు పేరు లేని సంచీలో చాటుగా అమ్మే విత్తనం కొన్నారు. మొలిచిందో లేదో, కాయ కాసిందో లేదో, అడగడానికి రసీదు లేదు, అమ్మినవాడు లేడు” అన్నారాయన. కాసేపు ఆగి, “నేనూ ఒకసారి కొన్నాను” అన్నారు. ఆ మాట కొడుకు ముందు ఆయన ఎన్నడూ చెప్పలేదట. అరుగు మీద కొంతసేపు ఎవరూ మాట్లాడలేదు.

విత్తనం మాట వచ్చింది కనుక మరొక విషయం. 2001 నాటి మొక్కల రకాల పరిరక్షణ, రైతుల హక్కుల చట్టం 39వ సెక్షన్ ప్రకారం రైతు తన పంట నుండి విత్తనం దాచుకోవచ్చు, మళ్ళీ విత్తుకోవచ్చు, పొరుగువారితో పంచుకోవచ్చు, అమ్ముకోవచ్చు కూడా. కాని రక్షిత రకాన్ని దాని బ్రాండు పేరు వేసి అమ్మకూడదు. సృష్టించినవాడి హక్కు, వాడుకునేవాడి అవసరం రెండింటినీ ఒకే త్రాసులో తూచిన చట్టమది. ఆటల విషయంలోనూ మనం వెతకవలసినది ఇటువంటి త్రాసునే. కంపెనీ ఏది చెబితే అది వేదమని మేము అనడం లేదు. వాడుకునేవాడికి కూడా హక్కులు ఉన్నాయి. అయితే ఆ హక్కులు పరాయి సొత్తును అమ్ముకునే దాకా సాగవు.

ఇక అభిమానులు సొంతంగా చేసిన ఆటల సంగతి. వీటిని మూడు రకాలుగా విడదీసి చూడాలి.

మొదటిది, ఔత్సాహికుడు తన ఊహతో, తన శ్రమతో మొత్తంగా తయారు చేసి ఉచితంగా ఇచ్చినది. 2014లో ఇటలీకి చెందిన ఒక యువకుడు ‘2048’ అనే అంకెల ఆటను చేసి, ఎవరైనా వాడుకోవచ్చు, మార్చుకోవచ్చు అని లోకానికి ఇచ్చేశాడు. ఇది హిబా, అంటే కానుక. ఇచ్చినవాడు పెట్టిన షరతులు పాటిస్తే చాలు. ముస్లింలు తాము ఒప్పుకున్న షరతులకు కట్టుబడి ఉంటారన్నది మనకు నేర్పిన నియమం.

రెండవది, శ్రమ అభిమానిదే అయినా పాత్రలు, లోకం పరాయి సంస్థవి. 2016 ఆగస్టులో ఇటువంటివి రెండు వచ్చాయి. నింటెండోకు చెందిన ‘మెట్రాయిడ్ 2’ ఆటను కొత్తగా నిర్మించిన ‘ఏఎమ్2ఆర్’ ఒకటి. సుమారు తొమ్మిదేళ్ళ శ్రమతో వచ్చిన ‘పోకేమాన్ యురేనియం’ మరొకటి. రెండూ ఉచితంగానే ఇచ్చారు. నింటెండో అభ్యంతరంతో కొద్ది రోజులలోనే రెండింటి లంకెలూ తొలగిపోయాయి. ఇందుకు భిన్నంగా సెగా సంస్థ తన ‘సోనిక్’ ఆటల అభిమానులను పిలిచి పని అప్పగించింది. 2017లో వారు చేసిన ‘సోనిక్ మేనియా’ను తన పేరుతోనే అమ్మింది. రెండు చోట్లా ప్రేమ ఉంది, నైపుణ్యం ఉంది. తేడా అనుమతిలోనే ఉంది. పొరుగువాడి పొలంలో ప్రేమతో మొక్క నాటినా ముందు అడగాలి.

మూడవది, పాత ఆటకు అతికించే ‘ప్యాచ్’. అంటే అసలు ఆటలో ఎక్కడెక్కడ ఏమి మార్చాలో చెప్పే చిన్న ఫైలు మాత్రమే. జపాన్ భాషలోని ఆటను మరో భాషలోకి మార్చేవారు ఇలాగే ఇస్తుంటారు. మార్పు వారి శ్రమ. కాని అది అతికే అసలు ఆట మన దగ్గర న్యాయంగా ఉందా అన్న ప్రశ్న మిగిలే ఉంటుంది.

ఇవన్నీ విన్న తరువాత మా మేనల్లుడు నోటుపుస్తకం తీసుకుని లోపలికి వెళ్ళాడు. ఇషా నమాజు అయ్యాక మసీదులో మౌలానాగారి దగ్గర కూర్చున్నాడు. ఆయన కోప్పడలేదు. “ముందు ఆ పని ఆపు. డబ్బు ఇచ్చిన స్నేహితులకు నిజం చెప్పి, ఎవరిది వారికి తిరిగి ఇవ్వు. తీసుకోనివారి డబ్బును నీ దగ్గర ఉంచుకోకు. పుణ్యం ఆశించకుండా పేదలకు ఇచ్చి చేతులు దులుపుకో. ఫిత్రా మాత్రం ఇందులో నుండి వద్దు” అన్నారు. హలాల్ కాని సంపాదన నుండి చేసిన దానాన్ని అల్లాహ్ స్వీకరించడని ప్రవక్త (స) బోధించిన విషయం ఆయన గుర్తుచేశారు.

ఆ ఏడాది ఫిత్రా మా బావ మిరప డబ్బు నుండి వెళ్ళింది. పిల్లవాడు ఒక్కొక్క స్నేహితుడి దగ్గరకూ వెళ్ళాడు. కొందరు నవ్వారు. కొందరు డబ్బు తీసుకుని, ఆటలు మాత్రం ఉంచుకున్నారు. ఒకడు కోపగించుకుని మాట్లాడటం మానేశాడు. చెల్లెలి ఫీజు కింద ఖర్చయిన దానిలో ఇంకా 1,600 రూపాయలు బాకీ ఉంది. దసరా సెలవుల్లో పత్తి తీతకు వెళ్ళి తీరుస్తానని అదే నోటుపుస్తకంలో వ్రాసుకున్నాడు. ఈ చర్చ అతనికి సుఖంగా ముగియలేదు. మాకు కూడా అతని ముఖం చూస్తే జాలి కలిగింది. కాని ఆ రాత్రి మా చెల్లెలు, “ఇప్పుడు మనసు కుదుటపడింది అన్నయ్యా” అంది.

ప్రియమైన తల్లిదండ్రులారా! నమాజులు, ఉపవాసాలు, జకాత్ వెంట తెచ్చుకుని కూడా ప్రళయదినాన దివాలా తీసే మనిషిని గురించి దైవప్రవక్త (స) తమ సహచరులకు వివరించారు. వాడు ఇతరుల సొమ్ము తిన్నవాడు, ఇతరులను బాధించినవాడు. వాడి పుణ్యాలు హక్కుదారులకు పంచబడతాయి. అల్లాహ్ హక్కులో లోపం జరిగితే పశ్చాత్తాపంతో ఆయన క్షమిస్తాడు. దాసుల హక్కు అలా కాదు, హక్కుదారుకు చెల్లించాలి, లేదా అతను మాఫీ చేయాలి. హక్కుదారు సముద్రాల అవతల, మన ముఖం ఎన్నడూ చూడని మనిషి అయితే ఆ లెక్క ఇంకా కష్టం.

అందుచేత మేము కోరేది ఇది. మీ పిల్లల చేతిలోని యంత్రాన్ని లాక్కోకండి. పక్కన కూర్చుని, “ఈ ఆట ఎవరిది? మనకు ఎలా వచ్చింది?” అని అడగండి. ఉచితంగా ఇచ్చినవి, కొన్నవి ఒక వైపు, తెలియనివి మరొక వైపు పెట్టించండి. సంస్థ ఇప్పటికీ అమ్ముతున్న ఆటను వాడి ఉంటే, స్తోమత ఉన్నప్పుడు దానిని కొని బాకీ తీర్చండి. న్యాయమైన ఆట కూడా నమాజు వేళను, చదువును, ఇంటివారి మాటను మింగకుండా చూడండి. ఆసక్తి ఉన్న పిల్లలకు ఆటను తయారు చేయడం నేర్పించండి. ‘స్క్రాచ్’ వంటి ఉచిత సాధనాలు అందుకోసమే ఉన్నాయి. సొంతంగా ఒక్క చిన్న ఆట చేసిన పిల్లవాడికి పరాయి శ్రమ విలువ ఎవరూ చెప్పనవసరం లేదు.

చివరగా మన సంగతి. ఈ పత్రిక పుటలను ఫోటో తీసి పంచుకునేవారు ఉన్నారు. మంచి మాట నలుగురికి చేరితే మాకు సంతోషమే, అందుకు మా అనుమతి ఎప్పుడూ ఉంది. అయినా ఒక పుస్తకాన్ని జిరాక్స్ తీయించేటప్పుడు, ఒక ప్రసంగాన్ని మన పేరుతో పంపేటప్పుడు పెద్దవాళ్ళమైన మనం ఆగి అడుగుతున్నామా? పిల్లవాడి మెమరీ కార్డును తనిఖీ చేసే ముందు మన ఫోనును తెరిచి చూసుకుందాం.

ఓ అల్లాహ్! మా ఇళ్ళలోకి వచ్చే ప్రతి రూపాయినీ, ప్రతి వినోదాన్నీ హలాల్ చేయి. కంటికి కనిపించని హక్కులను కూడా గుర్తించే చూపును మాకూ మా సంతానానికీ ప్రసాదించు. ఆమీన్.